లాయరై, ఆపై ఎమ్మెల్యే కావాలంటే

ప్రశ్న: మాది మిర్యాలగూడ దగ్గర పల్లె. మా అమ్మాయి ఇంటర్ సెకండియర్, సీఈసీ. లాయరై తర్వాత ఎమ్మెల్యేగా పోటీ చేస్తానంటోంది. మా ఇంట్లో రాజకీయాల్లో ఎవరూ లేరు. ఏ దారిలో పంపమంటారు?

జవాబు: ముందు లాయరుగా నిలదొక్కుకోనివ్వండి, పోటీ ఆ తర్వాత. టికెట్ ఎప్పుడొస్తుందో, అసలొస్తుందో లేదో ఎవరి చేతిలోనూ ఉండదు. సొంత ఫీజుతో ఇల్లు గడుపుకునే లాయరు మాత్రం ఎన్నికల్లో ఓడినా మర్నాడు వాయిదాకు వెళ్లగలదు. టంగుటూరి ప్రకాశం గారు కూడా రాజమండ్రిలో ప్లీడరుగా పేరు తెచ్చుకున్నాకే అక్కడ మున్సిపల్ చైర్మన్ అయ్యారు. ఆంధ్ర రాష్ట్ర తొలి ముఖ్యమంత్రి అయింది 1953లో.

ఇంటర్ తర్వాత ఐదేళ్ల లా కోర్సులో చేర్చండి. దానికి రాసే రాష్ట్ర ప్రవేశ పరీక్ష లాసెట్‌లో 120 ప్రశ్నలకు 90 నిమిషాలు, నెగెటివ్ మార్కులు లేవు, తెలుగులోనూ రాయొచ్చు. 60 మార్కులు లా ఆప్టిట్యూడ్ నుంచే వస్తాయి కాబట్టి రాజ్యాంగం మీద పట్టుంటే సగం పని అయినట్టే. హైదరాబాద్‌లోని నల్సార్ వంటి జాతీయ లా యూనివర్సిటీలో సీటు కావాలంటే జాతీయ స్థాయి ప్రవేశ పరీక్ష క్లాట్ రాయాలి. అక్కడ తప్పు జవాబుకు పావు మార్కు పోతుంది, ఇంగ్లిష్ గబగబా చదివి అర్థం చేసుకోగలగాలి. నా మాటగా చెప్పాలంటే, మీ అమ్మాయి లక్ష్యానికి ఉస్మానియా పరిధిలోని మంచి కాలేజీ ఏమీ తక్కువ కాదు. ‘క్లాసులకు రానక్కర్లేదు, పరీక్షలు రాస్తే చాలు’ అనే కాలేజీ జోలికి మాత్రం పోవద్దు. బార్ కౌన్సిల్ నిబంధన ప్రకారం ప్రతి సబ్జెక్టులో 70 శాతం హాజరుండాలి. దూరవిద్యలో చదివిన లా డిగ్రీతో ఎన్‌రోల్‌మెంట్, అంటే లాయరుగా నమోదు, ఇవ్వరు.

డిగ్రీ చేతికొచ్చాక స్టేట్ బార్ కౌన్సిల్‌లో ఎన్‌రోల్ కావాలి. 2024 జులైలో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ప్రకారం ఫీజు 750 రూపాయలే, ఎస్సీ, ఎస్టీలకు 125. ఆ తర్వాత రెండేళ్లలోపు ఆలిండియా బార్ పరీక్ష పాసవ్వాలి. 100 ప్రశ్నలకు 45 శాతం రావాలి, ఎస్సీ, ఎస్టీలకు 40. నోట్సు రాయని బేర్ యాక్టులు (వ్యాఖ్యానం లేకుండా చట్టం ఒక్కటే ఉండే పుస్తకాలు) లోపలికి తీసుకెళ్లనిస్తారు. ఏ చట్టంలో ఏది ఎక్కడుందో ముందే తిరగేసి ఉంటేనే అవి అక్కరకొస్తాయి.

అసలు పునాది పడేది జూనియర్‌గా ఉన్న ఏళ్లలో. హైకోర్టులో ఒక సీనియర్ దగ్గర రెండేళ్లు రిట్ పిటిషన్లు (ప్రభుత్వ చర్యల మీద హైకోర్టులో వేసే అర్జీలు) రాయడం నేర్చుకుని, తర్వాత మిర్యాలగూడ కోర్టుకు రావడం మంచిది. భూమి తగాదాలు, చెక్ బౌన్స్, మనోవర్తి, యాక్సిడెంటు క్లెయిములు, ఇవే జనాన్ని ఆఫీసు మెట్లెక్కిస్తాయి. పాస్‌బుక్ సమస్య ఎమ్మార్వో దగ్గర ఎక్కడ ఆగిందో చెప్పగల లాయరును ఊళ్లు గుర్తుపెట్టుకుంటాయి. చదువుకునే రోజుల్లోనే న్యాయసేవా సంస్థలో పారా లీగల్ వాలంటీరుగా చేరితే ఈ పరిచయం ముందే మొదలవుతుంది. డబ్బు విషయం కూడా దాచకుండా చెబుతాను. జూనియర్లకు నగరాల్లో 20 వేలు, పల్లె ప్రాంతాల్లో 15 వేలు ఇవ్వాలని బార్ కౌన్సిల్ 2024లో సూచించింది, కానీ అది సూచన మాత్రమే. మూడేళ్లు ఇంటి నుంచి సాయం ఉండాలనుకోండి.

రాజకీయాల్లోకి వచ్చాక సన్నదు (లాయరు లైసెన్సు) మీదికి తెచ్చుకునే పనులు కొన్నున్నాయి. లాయరు స్వయంగా వ్యాపారం నడపకూడదు కాబట్టి రియల్ ఎస్టేట్, కాంట్రాక్టులు ఆమె పేరున పెట్టొద్దు. పైగా ప్రభుత్వ కాంట్రాక్టు నడుస్తూ ఉంటే ప్రజాప్రాతినిధ్య చట్టం సెక్షన్ 9ఏ కింద పోటీకి అనర్హత వస్తుంది. పండగ ఫ్లెక్సీల మీద ‘అడ్వకేట్’ అని వేసి పక్కనే పార్టీ పేరు పెట్టడం ప్రచారం కిందికొస్తుంది, ఫిర్యాదు పడితే జవాబు చెప్పుకోవాలి. ప్రభుత్వ ప్లీడరుగానో, ప్యానెల్ లాయరుగానో ఉంటే నామినేషన్‌కు ముందే రాజీనామా చేసి, ఆమోదం కాగితం చేతిలో పెట్టుకోవాలి. లేకుంటే ప్రభుత్వం నుంచి రాబడి ఉన్న ‘లాభదాయక పదవి’లో ఉండి పోటీ చేసిందంటూ గెలిచాక కేసు వేస్తారు.

నామినేషన్‌కు 25 ఏళ్లు నిండి, రాష్ట్రంలో ఎక్కడో ఒకచోట ఓటుండాలి. వేరే నియోజకవర్గంలో ఓటుంటే ఆ జాబితా సర్టిఫైడ్ కాపీ జతచేయాలి. డిపాజిట్ 10 వేలు, ఎస్సీ, ఎస్టీలకు 5 వేలు. గుర్తింపు పార్టీ అభ్యర్థికి ప్రతిపాదకుడు ఒక్కరు చాలు, ఇండిపెండెంటుకు పదిమంది కావాలి. ఆస్తులు, అప్పులు, కేసుల వివరాలిచ్చే ఫారం 26 అఫిడవిట్‌లో ఏ గడీ ఖాళీగా వదలకూడదు. ‘లేదు’ అనో ‘వర్తించదు’ అనో రాయాల్సిందే. అధికారి నోటీసిచ్చినా నింపకపోతే నామినేషన్ తిరస్కరిస్తారు. రాజ్యాంగానికి కట్టుబడతానని అభ్యర్థి చేసే ప్రమాణం స్క్రూటినీకి (నామినేషన్ల పరిశీలనకు) ముందురోజులోపే చేయాలి. ఖర్చు పరిమితి 40 లక్షలు. ఫలితం వచ్చిన 30 రోజుల్లో లెక్కలు జిల్లా ఎన్నికల అధికారికి ఇవ్వకపోతే మూడేళ్ల అనర్హత పడొచ్చు. ఓడినవాళ్లు ఎక్కువగా మరిచిపోయేది దీన్నే.

అసెంబ్లీల్లో మూడో వంతు సీట్లు మహిళలకు కేటాయిస్తూ 2023లో రాజ్యాంగ సవరణ జరిగింది, దాని అమలును జనగణనకూ డీలిమిటేషన్‌కూ (నియోజకవర్గాల పునర్విభజనకూ) ముడిపెట్టారు. అప్పుడు హద్దులూ రిజర్వేషన్లూ మారతాయి. ఒక్క మిర్యాలగూడ సీటునే నమ్ముకోకుండా పక్క నియోజకవర్గాల కోర్టుల్లోనూ వకాలత్ వేయమనండి. గెలిస్తే నల్లకోటు వదలాల్సిన పని లేదు. ఎమ్మెల్యేలు ప్రాక్టీసు చేసుకోవచ్చని సుప్రీంకోర్టు 2018 సెప్టెంబరులో తేల్చింది.