సూర్యాస్తమయ శలభం: ఒక యువ రచయిత్రికి లేఖ

అమ్మాయీ, ఆశీస్సులు.

మడగాస్కర్ సూర్యాస్తమయ శలభంపై నువ్వు పంపిన వ్యాసం రెండుసార్లు చదివి, "ఇంద్రధనుస్సు నేలకు దిగివచ్చింది" అన్న వాక్యాన్ని కొట్టివేశాను. ఆ మాట నెమలికీ పూలతోటకూ కూడా సరిపోతుంది కనుక, ఈ ప్రాణిని గురించి అది ఏమీ చెప్పదు.

మొదట రెక్కల నేలరంగు, అంటే అడుగున ఉండే రంగు, చూడు. అది నలుపు. దానిపై ముందు రెక్కలకు ఆకుపచ్చ చారలు, వెనుక రెక్కల మీద బంగారు పసుపు నుంచి రాగి ఎరుపు దాకా మారే మచ్చ, అంచున తెల్లని నూగు కనిపిస్తాయి. ఆ మెరిసే రంగులకు మూలం వర్ణద్రవ్యం కాదు. పెంకులా వంగిన ఒక్కో పొలుసులో పలుచని పొరలు, వాటి మధ్య గాలి ఉంటాయి. పొరల నుంచి తిరిగివచ్చే కాంతి ఒకదానితో ఒకటి కలిసి కొన్ని రంగులు బలపడతాయి, వంపు వల్ల ఒక పొలుసు నుంచి చెదిరిన వెలుగు పక్క పొలుసుకు తగిలి మన కంటికి చేరుతుంది. కాబట్టి ఏ కోణం నుంచి చూశావో చెప్పకుండా "ఆకుపచ్చగా ఉంది" అని రాస్తే సగమే రాసినట్లు. నెమలికంఠం చీరతో పోల్చాలనుకుంటే పోల్చు. కాని అక్కడ పడుగుకూ పేకకూ వేరువేరు అద్దకాలున్నాయనీ, ఇక్కడ అద్దకమే లేదనీ చెప్పి మరీ పోల్చు.

రెండు వైపుల రెక్కలు అచ్చుగుద్దినట్లున్నాయని రాశావు. లేవు. ఈ జాతిలో ఎడమ చారలు కుడి చారలతో సరిగ్గా కలవవు. ఛాయాచిత్రం మధ్యలో దారం పెట్టి చూసుకో.

శలభం అనగానే మన పాఠకునికి రాత్రీ దీపమూ గుర్తుకొస్తాయి. ఇది పగలు ఎగిరేదని మొదటి పేరాలోనే చెప్పాలి. 1773లో దీనిని వర్ణించిన ఆంగ్ల కీటకశాస్త్రజ్ఞుడు డ్రూ డ్రూరీ అంతటివాడే సీతాకోకచిలుక అనుకుని 'పాపిలియో' ప్రజాతిలో చేర్చాడు. 1823లో గాని జర్మన్ కీటకశాస్త్రజ్ఞుడు హ్యూబ్నర్ దీనిని 'క్రిసిరిడియా' పేరుతో శలభాలలోకి మార్చలేదు. మలగాసీ భాషలో 'లోలో' అంటే సీతాకోకచిలుక, ఆత్మ కూడా. ఈ మాటను వాడుకో, కాని దాని చుట్టూ వేదాంతం అల్లకు.

తోకల ఊసే ఎత్తలేదేమి? వెనుక రెక్కలకు ఒక్కొక్కదానికి ఆరేసి తోకలుంటాయి, అవి సులువుగా విరిగిపోతాయి. ఒక మ్యూజియంలో పాత నమూనాను అద్దం మీదుగా చూసి, ఈ జాతికి తోకలుండవని నేను అచ్చులో రాశాను. ఏడాది తరువాత మళ్లీ వెళ్లి చూస్తే, ఎడమ రెక్క చివర ఒక్క తోక విరగకుండా మిగిలే ఉంది.