వీలునామా అబద్ధమని నేనే నిరూపించాలా?

ప్రశ్న: మేడమ్, మా నాన్నగారు తన సంపాదనతో కొన్న ఇల్లు, ఎకరంన్నర పొలంలో సగం వాటా కోసం అన్నయ్య మీద పార్టిషన్ దావా వేశాను. మేమిద్దరమే సంతానం. అమ్మ, నాన్నమ్మ ముందే పోయారు. నాన్న ఆస్తంతా తనకే రాశారని, రిజిస్టర్ కాని వీలునామా ఒకటి అన్నయ్య జవాబుతో పాటు దాఖలు చేశాడు. దాని గురించి నేనెప్పుడూ వినలేదు. పైగా పెళ్లప్పుడు కట్నం, బంగారం తీసుకుని వాటా వదులుకున్నానట. కోర్టు ఇష్యూస్, అంటే కేసులో తేల్చాల్సిన ప్రశ్నలు, ఖరారు చేసింది. మొదటిది ‘వీలునామా నిజమైనది కాదని వాది నిరూపించగలదా?’ అని ఉంది. కట్నం ఊసే లేదు. వచ్చే వాయిదాకి నా చీఫ్ అఫిడవిట్ (రాతపూర్వకంగా ఇచ్చే నా సాక్ష్యం) వెయ్యాలి. చాలా టెన్షన్‌గా ఉంది.
— ఒక సోదరి, గుంటూరు జిల్లా

జవాబు: అమ్మా, అఫిడవిట్ కంటే ముందు ఆ మొదటి ఇష్యూ సంగతి చూడండి. అది తలకిందులుగా ఉంది. వీలునామా ఉందన్నది మీ అన్నయ్య. దాన్ని రుజువు చేయాల్సిందీ ఆయనే. 1958లో వెంకటాచల అయ్యంగార్ కేసులో సుప్రీంకోర్టు ఈ మాట విడమరచి చెప్పింది: వీలునామా చూపించే మనిషే దాన్ని నిరూపించాలి, దాని చుట్టూ అనుమానాలుంటే వాటినీ తీర్చాలి. రిజిస్టర్ కాలేదన్న ఒక్క కారణంతో అది చెల్లకుండా పోదు. కానీ సాక్షి సంతకాలు చేసినవాళ్లలో బతికున్న ఒక్కరినైనా ఆయన బోనెక్కించాలి. పాత సాక్ష్య చట్టమైనా, 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమమైనా ఈ విషయంలో తేడా లేదు.

కాబట్టి ఇష్యూ ఇలా ఉండాలి: ‘ప్రతివాది చెబుతున్న వీలునామా నిజమైనదా, చెల్లుతుందా, వాదిని బంధిస్తుందా?’ సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 14 రూల్ 5 కింద మీ లాయరు గారు ఒక ఐ.ఏ. (కేసు మధ్యలో వేసే దరఖాస్తు) వేస్తే చాలు. డిక్రీ ఇచ్చేలోపు ఎప్పుడైనా ఇష్యూ మార్చే, చేర్చే, తీసేసే అధికారం కోర్టుకుంది. అయినా ఆలస్యం చేయకండి. లేని భారం మీద వేసుకుని సాక్ష్యం మొదలుపెడితే క్రాస్‌లో అవతలి లాయరు ప్రశ్నలన్నీ మీ చుట్టూనే తిరుగుతాయి.

ఇక్కడ మీరు నాకు చెప్పని విషయం ఒకటుంది. వీలునామా గురించి మీరు కోర్టులో ఏమన్నారు? అన్నయ్య జవాబు వచ్చాక, కోర్టు అనుమతితో రిజాయిండర్ (ఆ జవాబుకి మీ తిరుగు సమాధానం) వేశారా? ‘అది నాన్న సంతకం కాదు’ అంటే భారం అన్నయ్యదే. ‘ఒంట్లో బాగోలేనప్పుడు బలవంతంగా పెట్టించాడు’ అంటే మాత్రం ఆ బలవంతం మీరు రుజువు చేయాలి. ఎప్పుడు, ఎలా అన్న వివరాలు కూడా ముందే రాసి ఉండాలి. రెండూ కలిపి అనేసేవాళ్లని చూస్తుంటాను, అది కేసుకే చేటు. మీకు నిజంగా తెలిసిందే చెప్పండి.

కట్నం మాటకీ ఇష్యూ అడగండి. ఒకరు అవునన్న ముఖ్య విషయాన్ని ఇంకొకరు కాదంటే ఇష్యూ పుడుతుంది. అది లేకుండా వదిలేస్తే, ఇద్దరూ ఆ సంగతి తెలిసే సాక్ష్యం ఇచ్చారు కదా అని అప్పీల్లో తీర్పు నిలబడిపోవచ్చు. మన ఆంధ్ర నుంచే వెళ్లిన నేదునూరి కామేశ్వరమ్మ కేసులో సుప్రీంకోర్టు అలాగే అంది. నిజానికి ఈ వాదనలో పెద్ద బలం లేదు. తండ్రి బతికుండగా ఆయన స్వార్జితంలో మీకు హక్కే లేనప్పుడు వదులుకోవడానికి ఏముంది? ఆయన పోయాక వదులుకున్నారంటే రిజిస్టరైన విడుదల పత్రం చూపించమనండి. ఆడపిల్లకి పెట్టిన పసుపు కుంకుమలను వాటా కింద జమ కట్టేస్తుంటే నాకు కోపం వస్తుంది, కానీ కోర్టులో పనికొచ్చేది ఆ పత్రం గురించిన ప్రశ్నే.

ముందు ప్లెయింట్ (మీ దావా పత్రం), అన్నయ్య జవాబు, ఇష్యూస్ మూడింటి కాపీలూ దగ్గర పెట్టుకుని మీ లాయరు గారితో ఒక గంట కూర్చోండి. ఇష్యూస్ ఖరారైన 15 రోజుల్లో సాక్షుల జాబితా ఇవ్వాలి. ఆ గడువు దాటిందేమో ఈరోజే కనుక్కోండి. దాటితే కారణం చూపించి అనుమతి అడగవచ్చు. ఐ.ఏ. తేలేదాకా చీఫ్ అఫిడవిట్‌కి సమయం కోరమనండి.