మామిడి బెరడు మీద రాతలాంటి నల్లగీతలు: మందు కొట్టాలా?

ప్రశ్న: మా మామిడి చెట్ల మొదళ్ల మీద సున్నం పూసినట్టు తెల్లటి మచ్చలు వచ్చాయి. వాటి నిండా పెన్నుతో రాసినట్టు సన్నటి నల్లగీతలు. రెండు చెట్లలో కొమ్మలు చివర్ల నుంచి ఎండుతున్నాయి. బెరడు గోకేసి మందు పూయమంటున్నారు. ఏం చేయాలి?

జవాబు: దయచేసి బెరడు గోకకండి. ఆ గీతలు తెగులు కాదు. మీరు చెప్పిన గుర్తులు గ్రాఫిస్ అనే లైకెన్‌వి. అందులో ఏ రకమన్నది మైక్రోస్కోపు కింద చూస్తేగానీ తేలదు, మీకు ఆ అవసరమూ లేదు.

లైకెన్ అంటే శిలీంధ్రం, నాచు కలిసి చేసే కాపురం. తెల్లటి పొర చాలావరకు శిలీంధ్రమే. అందులో దాగిన ట్రెంటెపోలియా అనే నాచు ఎండతో ఆహారం తయారుచేసి ఇద్దరికీ పెడుతుంది. నీళ్లు వాన నుంచి, గాలిలోని తేమ నుంచి వస్తాయి. చెట్టు రసం పీల్చదు, బెరడు ఆసరా చాలు దానికి. ఒక్కో నల్లగీత నడుమ సన్నటి చీలిక ఉంటుంది, శిలీంధ్రానికి విత్తనాల్లాంటి సిద్ధబీజాలు తయారయ్యేది అక్కడే. 1753లో స్వీడన్ వృక్షశాస్త్రవేత్త లిన్నేయస్ ఇలాంటి లైకెన్‌కు 'రాసినది' అనే అర్థం వచ్చేలా పేరు పెట్టాడు. చూసిన ప్రతిసారీ నాకూ ఎవరో రాసినట్టే అనిపిస్తుంది.

మరి కొమ్మలెందుకు ఎండుతున్నాయి? నీరసించిన చెట్టు ఆకు రాలుస్తుంది, మొదలు మీద వెలుతురు పడుతుంది, లైకెన్ బాగా పరుచుకుంటుంది. అందుకే నేరం దాని మీద పడుతుంది. అసలు కారణం వేరే ఉంటుంది, దాన్ని వెతకండి. ఎండిన కొమ్మను నిలువునా చీల్చండి. లోపల గోధుమరంగు చారలుంటే ఎండుకొమ్మ తెగులు. రంధ్రాలు, రంపపు పొట్టులాంటి పిప్పి కనిపిస్తే కాండం తొలిచే పురుగు. అది వేరే చికిత్స, ఫోటోలు పంపితే చెబుతాను.

ఎండుకొమ్మ తెగులైతే, ఎండిన చోటికి కింద 3 అంగుళాల పచ్చి భాగం కలిపి కత్తిరించి కాల్చేయండి. కోసిన చోట బోర్డో పేస్ట్ (మైలుతుత్తం, సున్నం కలిపిన ముద్ద) పూయండి. లీటరు నీటికి 3 గ్రాముల కాపర్ ఆక్సీక్లోరైడ్ కలిపి చెట్టంతా తడిసేలా పిచికారీ చేయండి.

ఆకుల మీద ఇటుకరంగు గుండ్రటి మచ్చలున్నాయేమో కూడా చూడండి. అదీ నాచే, లైకెన్‌లోని నాచుకు దగ్గరి చుట్టం, కానీ ఇది నిజంగా చెట్టుకు హాని చేస్తుంది. దానికీ కాపర్ ఆక్సీక్లోరైడే పనిచేస్తుంది.

ఒక చెట్టు కోశాక కత్తెరను శుభ్రం చేసుకునే రెండో చెట్టు దగ్గరికి వెళ్లండి. ఎండుకొమ్మ తెగులు పనిముట్ల అంచున కూడా పాకుతుంది.