వాసన బల్లిది కాదు, పెట్టెది

ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో సగం ఒకే గోల: పెంపుడు బల్లి కంపు కొడుతోంది, ఏం రాయమంటారు? ఏమీ రాయొద్దు. బల్లిజాతికి మనలా చెమట గ్రంథులుండవు, కుక్కలా జిడ్డుబొచ్చు ఉండదు. పొడిపొలుసుల ఒంటికి సొంత వాసనంటూ దాదాపు లేదు. కంపు వస్తోందంటే అది రెట్టదో, పెట్టె అడుగుదో, చచ్చిన పురుగుదో, జబ్బుదో అయ్యుంటుంది.

ప్రశ్న: మా అబ్బాయి పెంచే బల్లి బియర్డెడ్ డ్రాగన్. దానికి ఏడాదిన్నర. వారానికి రెండుసార్లు బేబీ షాంపూతో స్నానం చేయిస్తున్నాం. సాయంత్రానికి మళ్లీ అదే కంపు. పెట్టెలో ఇసుక పోశాం, ప్రతి ఆదివారం జల్లెడ పడుతున్నాం. – ఒక పాఠకురాలు, డాలస్

జవాబు: ముందు చిన్న పరీక్ష చేయండి. డ్రాగన్‌ని వేరే గదిలోకి తీసుకెళ్లి, ఉతికిన తువ్వాలు మీద పది నిమిషాలు కూర్చోబెట్టి వాసన చూడండి. వీపు, పొట్ట, తోక మొదలు, నోరు, ఒక్కొక్కటిగా. తర్వాత పెట్టెలో తల పెట్టి చూడండి. మీరు రాసినదాన్ని బట్టి దొంగ ఇసుకే.

జల్లెడలో చిక్కేది రెట్టలోని గట్టి ఉండ మాత్రమే. రెట్టతో పాటు వచ్చే నీరు ఇసుకలోంచి జారి అడుక్కి చేరుతుంది. పైనుంచి ఎండకు బదులుగా పెట్టే దీపం వేడి, కింద తడి. గరిటెతో అడుగుదాకా తవ్వి చూడండి, ముదురురంగు పెళ్లలు కనిపిస్తాయి. కంపు అక్కడుంది. ఇసుకంతా సంచిలో కట్టి పారేయండి. పెట్టెను గిన్నెలు తోమే సబ్బు, వేడినీళ్లతో బాగా రుద్దండి. మురికి మీద బ్లీచ్ పోస్తే దాని శక్తి మురికికే ఖర్చయిపోతుంది కాబట్టి, ముందు రుద్దడం తప్పదు. ఆ తర్వాత 100 మిల్లీలీటర్ల బ్లీచ్‌ను 900 మిల్లీలీటర్ల నీళ్లలో కలిపి, తడి ఆరకుండా పది నిమిషాలు ఉంచి, రెండు మూడుసార్లు కడగండి. బ్లీచ్ వాసన పూర్తిగా పోయి, పొడిగా ఆరేదాకా డ్రాగన్‌ని లోపల పెట్టొద్దు. ఈ కలిపిన నీళ్లు మర్నాటికి పనికిరావు. వెనిగర్‌తోనో బాత్రూం యాసిడ్‌తోనో కలిస్తే విషవాయువు పుడుతుంది, జాగ్రత్త. రెట్ట ఇంకిపోయిన చెక్కకొమ్మ ఉంటే దాని మీద ఆశ వదులుకోండి.

ఇసుక స్థానంలో గరుకు సిరామిక్ పలకలు పరవండి, సందుల్లోంచి కారే నీటికి కింద కాగితం వేయండి. రెట్ట వేసిన వెంటనే టిష్యూతో ఎత్తేసి, ఆ పలక తుడవాలి. డ్రాగన్లకు ఒక అలవాటుంది: ఎండ దీపం కింద రెట్ట వేసి, అందులోంచే పొట్ట ఈడ్చుకుంటూ నడుస్తాయి. గంట ఆలస్యమైతే అది పెట్టె నిండా పూత వేస్తుంది.

ఇక రెట్టను చూడండి. బాగున్న రెట్టలో ముదురు గోధుమరంగు ఉండ, పక్కన తెల్లటి సుద్దలాంటి ముద్ద, కొంచెం నీరు ఉంటాయి. ఆ తెల్లముద్ద రెట్టతో పాటు వచ్చే మూత్రమే. నీళ్లగా, జిగురుగా, గదంతా నిండే కంపుతో వస్తుంటే మొదట అనుమానించాల్సింది వేడి. డ్రాగన్ ఎండ కాచుకునే రాయి పైభాగం 100 నుంచి 105 డిగ్రీల ఫారెన్‌హీట్ ఉండాలి. అద్దానికి అంటించే గుండ్రటి థర్మామీటరు చూపించేది గాలి వేడి. రాయి వేడి తెలియాలంటే టెంపరేచర్ గన్ కావాలి. రాయి చల్లగా ఉంటే తిన్న పురుగు అరగకముందే కడుపులో కుళ్లుతుంది. రెండోది తిండి. ఏడాదిన్నర డ్రాగన్‌కు రోజూ ఆకుకూరలే ప్రధానం, పురుగులు వారానికి రెండు మూడుసార్లు చాలు. చాలా ఇళ్లలో ఇది తలకిందులుగా జరుగుతుంది, ఎందుకంటే పురుగు వేటాడుతుంటే చూడటానికి సరదా. ఈ రెండూ సరిగ్గా ఉన్నా మారకపోతే కాక్సిడియా లాంటి పరాన్నజీవులు కావచ్చు. తాజా రెట్టను జిప్ కవర్లో వేసి, ఫ్రీజర్‌లో కాకుండా ఫ్రిజ్ కింది అరలో పెట్టి, 24 గంటల్లోపు సరీసృపాలు చూసే వెట్‌కు (పశువైద్యుడికి) ఇవ్వండి.

స్నానం సంగతి: షాంపూ మానేయండి, ఒళ్లు మురికైతే వట్టి గోరువెచ్చని నీళ్లు చాలు. నీరు 90 డిగ్రీల ఫారెన్‌హీట్ దగ్గర, దాని మోచేయి మునిగేంత లోతు, పది నిమిషాలు. వెచ్చటి నీళ్లలో దించగానే చాలా డ్రాగన్లు రెట్ట వేస్తాయి, వెంటనే నీళ్లు మార్చండి, లేదంటే అవే తాగుతాయి. తోక కింద అంటుకున్నది మెత్తటి టూత్‌బ్రష్‌తో పొలుసులు వాలిన వైపే తీయండి. బాగా తుడిచాకే పెట్టెలోకి.

ప్రశ్న: పెట్టె శుభ్రంగానే ఉంది. మా లెపర్డ్ గెకో (మచ్చల బల్లి) నోరు తెరిస్తే మాత్రం కుళ్లు వాసన. పెదవి అంచున పసుపు గడ్డలా ఉంది. పసుపు, కొబ్బరినూనె రాయొచ్చా? – ఒక పాఠకుడు, రెడింగ్, ఇంగ్లండ్

జవాబు: వద్దు, గోరుతో గీకనూ వద్దు. సరీసృపాల చీము మనకు వచ్చేలా కారదు, పన్నీరు ముక్కలా గట్టిపడుతుంది. మీరు చెప్పిన గడ్డ అదే కావచ్చు, చిగుళ్లు ఎర్రబడి ఉంటే దాదాపు ఖాయం. వెట్ శుభ్రం చేసి యాంటిబయోటిక్ ఇవ్వాలి. ఆలస్యమైతే దవడ ఎముకకు పాకుతుంది. ఈ వారమే వెళ్లండి.

వెళ్లేముందు వేళ్లు కూడా చూడండి. కుబుసం వేళ్ల చివర ఉంగరంలా బిగుసుకుపోతే రక్తం ఆడక వేలు నల్లబడి కుళ్లుతుంది, అదీ వాసనే. పొడిగా ఉన్న కుబుసాన్ని లాగొద్దు. తడి టిష్యూ పరిచిన మూత డబ్బాలో అరగంట ఉంచి, దూదిపుల్లను వేలి చుట్టూ దొర్లిస్తే అదే ఊడొస్తుంది. అలాంటి తడి డబ్బా ఒకటి పెట్టెలో ఎప్పుడూ ఉండాలి. తోక సన్నబడుతూ, తిన్నది కక్కుతూ, రెట్ట కంపు కొడుతుంటే ఆ మాట వెట్‌కు తప్పక చెప్పండి. క్రిప్టోస్పోరిడియం అనే పరాన్నజీవి అయితే మామూలు బ్లీచ్‌కు చావదు, సామాను మొత్తం మార్చాల్సి రావచ్చు.

ప్రశ్న: మా గ్రీన్ ఇగువానాకు (పెద్ద పచ్చ బల్లి) వారానికి మూడు ఉడికించిన గుడ్లు, అప్పుడప్పుడు చికెన్ పెడుతున్నాం. రెట్ట భరించలేకపోతున్నాం. రోజూ ఫినాయిల్‌తో బోను తుడిచి, అగరొత్తి వెలిగిస్తున్నాం. – ఒక పాఠకుడు, హైదరాబాద్

జవాబు: గుడ్డు, చికెన్ ఈరోజే ఆపండి. ఇగువానా పూర్తి శాకాహారి. మాంసకృత్తులు ఎక్కువైతే రెట్ట కంపు కొట్టడం చిన్న సంగతి, మూత్రపిండాలు దెబ్బతినడం పెద్ద సంగతి. మందార ఆకులు, పూలు, మునగాకు, తురిమిన గుమ్మడికాయ, సొరకాయ మన దగ్గర చవగ్గా దొరికే మంచి మేత. పాలకూర రోజూ వద్దు, అందులోని ఆక్సలేట్లు కాల్షియాన్ని ఒంటికి పట్టనివ్వవు. ఆకుమేత మీద ఉన్న ఇగువానా రెట్టకు ఇంత కంపు ఉండదు.

ఫినాయిల్ మానడం కూడా అంతే ముఖ్యం. నల్ల ఫినాయిల్‌లో ఉండేవి ఫినాల్ జాతి రసాయనాలు, తెల్లదాంట్లో పైన్ నూనె. ఇగువానా పొట్ట రోజంతా నేలకు ఆనే ఉంటుంది, నాలుకతో నేలను తడుముతూనే ఉంటుంది. డెటాల్‌దీ ఇదే కథ. బదులుగా సబ్బునీళ్లు, తర్వాత పైన చెప్పిన పలచటి బ్లీచ్. అగరొత్తి, దోమల కాయిల్, రూమ్ స్ప్రే బోను ఉన్న గదిలోనే వద్దు, వాటి పొగ ఊపిరితిత్తులకు చేటు. చాలా ఇగువానాలు నీళ్లలోనే రెట్ట వేస్తాయి. వెడల్పాటి ప్లాస్టిక్ టబ్బు ఒక మూల పెట్టి రోజూ పారబోస్తే సగం శుభ్రత అక్కడే తీరిపోతుంది. తాగే నీళ్ల గిన్నె వేరే ఉంచండి.

మీరు అడగకపోయినా ఒక మాట: ఇగువానా సైటిస్ (వన్యప్రాణుల వ్యాపారంపై అంతర్జాతీయ ఒప్పందం) జాబితాలోని జంతువు. 2022లో సవరించిన వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం కేంద్ర పర్యావరణ శాఖ ‘పరివేశ్’ పోర్టల్‌లో నమోదు చేయించాలి. ఉడుమునైతే పెంచడమే నేరం.

ప్రశ్న: నాకు తొమ్మిదో నెల. కాన్పు సాయానికి అత్తయ్యగారు విజయవాడ నుంచి వస్తున్నారు. మా డ్రాగన్ పెట్టె వంటింటి పక్కనే ఉంది, దాని గిన్నెలు సింకులోనే కడుగుతాం. వాసనేమీ లేదు. ఫర్వాలేదా? – ఒక పాఠకురాలు, న్యూజెర్సీ

జవాబు: వాసన లేకపోయినంత మాత్రాన సూక్ష్మజీవి లేనట్టు కాదు. ఆరోగ్యంగా ఉన్న బల్లి కడుపులోనూ విరేచనాలు, జ్వరం తెచ్చే సాల్మొనెల్లా బ్యాక్టీరియా ఉండొచ్చు. అమెరికాలో 2014లో బయటపడ్డ సాల్మొనెల్లా కోథమ్ (అందులో ఒక రకం) కేసులను అక్కడి వ్యాధి నియంత్రణ సంస్థ సీడీసీ బియర్డెడ్ డ్రాగన్లతోనే ముడిపెట్టింది, జబ్బుపడ్డవాళ్లలో సగానికి పైగా ఐదేళ్లలోపు పిల్లలు. పసిపాప డ్రాగన్‌ను తాకనే అక్కర్లేదు, తాకిన చేతులతో మీరు ఎత్తుకుంటే చాలు.

పెట్టెను వంటింటికీ పాప గదికీ దూరంగా మార్చండి. దానికంటూ ఒక బకెట్టు, బ్రష్, స్పాంజి వేరే కేటాయించండి. కడిగిన నీళ్లు టాయిలెట్లో పోసి ఫ్లష్ చేయాలి, సింకులో కాదు. ఈ పనులు మీరు చేయొద్దు, అత్తయ్యగారికీ అప్పగించొద్దు. గర్భిణులకు, పెద్దవాళ్లకు ఈ జబ్బు గట్టిగానే పట్టుకుంటుంది. మీవారు చేసి, సబ్బుతో 20 సెకన్లు చేతులు కడుక్కుని, చొక్కా మార్చుకుని పాపను ఎత్తుకోవాలి. డ్రాగన్‌కు ముద్దులు పెట్టే అలవాటుంటే దానికి ఇక సెలవు.

ప్రశ్న: మగ డ్రాగన్ తొడల కింద వరసగా పసుపుపచ్చటి మైనపు చుక్కలున్నాయి. చీము పట్టిందా? – ఒక పాఠకుడు, షార్లెట్

జవాబు: కాదు, అవి తొడ రంధ్రాలు. మగవాటికి జత కట్టే కాలంలో వాటిలోంచి మైనం ఊరుతుంది, తమ చోటును గుర్తుపెట్టుకోవడానికి. మన ముక్కుకు పెద్దగా అందదు. పిండొద్దు. బాగా పేరుకుని ముళ్లలా పొడుచుకొస్తే గోరువెచ్చని నీళ్లలో నానబెట్టి మెత్తటి బ్రష్ ఆడించండి. ఎర్రబడి వాస్తేనే వెట్ దగ్గరికి.

ప్రశ్న: ఇగువానా తుమ్మినప్పుడల్లా అద్దం మీద తెల్లటి చుక్కలు పడుతున్నాయి. జలుబా? – ఒక పాఠకురాలు, విశాఖపట్నం

జవాబు: ఉప్పు. ఒంట్లో ఎక్కువైన లవణాన్ని ముక్కు దగ్గరున్న గ్రంథి ద్వారా తుమ్మి పారేయడం దాని పద్ధతి. ముక్కులోంచి బుడగలు, నోరు తెరిచి ఊపిరి తీయడం లేకపోతే కంగారు లేదు. తడిగుడ్డతో తుడిచేయండి.