షట్టర్‌కు బ్యాంకు నోటీసు అంటించారు... అద్దెకున్న మా పరిస్థితి ఏంటి?

ప్రశ్న: హనుమకొండలో ఒక మడిగె అద్దెకు తీసుకుని జిరాక్స్, స్టేషనరీ షాపు నడుపుతున్నాను. 2022లో ఓనర్‌తో వంద రూపాయల స్టాంపు పేపర్ మీద అయిదేళ్లకు అగ్రిమెంటు రాసుకున్నాం, రిజిస్టర్ చేయించలేదు. అద్దె నెలకు రూ.18,000, అడ్వాన్సు రూ.3 లక్షలు. ఆయన 2019లోనే బిల్డింగును బ్యాంకులో తాకట్టు పెట్టారట. ఆ సంగతి మాకు చెప్పలేదు. మొన్న బ్యాంకువాళ్లు షట్టర్‌కు స్వాధీన నోటీసు అంటించి వెళ్లారు. మమ్మల్ని వెంటనే ఖాళీ చేయిస్తారా? అడ్వాన్సు పోయినట్టేనా? అద్దె ఆపేయమని చుట్టుపక్కలవాళ్లు అంటున్నారు. రూ.2.5 లక్షలు పెట్టి షాపులో ర్యాకులు, ఫాల్స్ సీలింగ్ చేయిద్దామనుకున్నాం. చేయించొచ్చా? – ఒక పాఠకురాలు

జవాబు: ముందు ఆ సీలింగ్ పని ఆపేయండి. మిగతావన్నీ తర్వాత మాట్లాడుకుందాం. గోడకు బిగించిన ర్యాకులు, పైకప్పుకు కొట్టిన సీలింగ్ మీ వెంట రావు. ఆ రెండున్నర లక్షలు ఇప్పుడు మీ షాపును బతికించే డబ్బు.

రేపు పొద్దున్నే మిమ్మల్ని బయటకు పంపరు, ఆ టెన్షన్ వద్దు. అలాగని అయిదేళ్ల అగ్రిమెంటు ఉంది కదా అన్న ధీమా కూడా పనికిరాదు. అంటించిన నోటీసును ఫోన్లో ఫొటో తీసి నిదానంగా చదవండి. అందులో రెండు తేదీలుంటాయి. బాకీ కట్టమని ఓనర్‌కు డిమాండ్ నోటీసు ఇచ్చిన తేదీ ఒకటి, ఆస్తిని స్వాధీనం చేసుకున్నట్టు చెప్పే తేదీ ఇంకొకటి. కింద ఆస్తి వివరాలు, నాలుగు హద్దులు ఉంటాయి. తాకట్టులో ఉన్నది మొత్తం బిల్డింగా, అందులో కొంత భాగమా, మీ మడిగె అందులోకి వస్తుందా అన్నది అక్కడే తెలుస్తుంది.

ఇదంతా 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద జరుగుతుంది. తాకట్టు ఆస్తిని కోర్టుకు వెళ్లకుండానే స్వాధీనం చేసుకుని అమ్మే వీలు బ్యాంకులకు ఇచ్చే చట్టం ఇది. డిమాండ్ నోటీసు ఇచ్చాక 60 రోజుల్లో బాకీ కట్టకపోతే బ్యాంకు ఆస్తిని స్వాధీనం చేసుకోవచ్చు. మొదట చాలావరకు కాగితం మీదే తీసుకుంటారు. తాళం తమ చేతికి రావాలంటే సాధారణంగా జిల్లా మేజిస్ట్రేట్‌కు, అంటే కలెక్టర్‌కు, దరఖాస్తు పెట్టి ఉత్తర్వు తెచ్చుకుంటారు. వేలం వేయాలంటే మళ్లీ 30 రోజుల అమ్మకం నోటీసు ఇవ్వాలి. మీకున్న గడువు ఇదే.

ఇక మీ హక్కు సంగతి. ఉన్నది ఉన్నట్టు చెబుతున్నాను, ఏమీ అనుకోకండి. తాకట్టు కంటే ముందే అద్దెకు దిగి ఉంటే, అది పక్కా అగ్రిమెంటు అయితే, బ్యాంకు మిమ్మల్ని కదిలించడం అంత తేలిక కాదు. మీది తాకట్టు తర్వాత రాసుకున్నది. అలాంటి అద్దెలకు ఆస్తి బదిలీ చట్టం 65ఏ సెక్షన్ షరతులు వర్తిస్తాయి: బిల్డింగుకు మూడేళ్లు మించకూడదు, అద్దె ముందుగానే వసూలు చేయకూడదు, న్యాయంగా రాగల మంచి అద్దె ఉండాలి. పైగా బ్యాంకు అనుమతి లేకుండా అద్దెకు ఇవ్వకూడదని తాకట్టు పత్రంలో రాసుకుంటే ఆ మాటే చెల్లుతుంది. మీ అగ్రిమెంటు అయిదేళ్లకు, అది కూడా రిజిస్ట్రేషన్ లేకుండా. ఏడాదికి మించిన లీజుకు రిజిస్ట్రేషన్ తప్పనిసరి. రిజిస్టర్ కాని అగ్రిమెంటుతో అద్దెదారు ఏడాదికి మించి ఉంటానని అడగలేరని 2019లో బజరంగ్ శ్యామ్‌సుందర్ అగర్వాల్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది. వంద రూపాయల స్టాంపు పేపర్‌ను నమ్ముకుని ఎంతమంది చిన్న వ్యాపారులు లక్షలు అడ్వాన్సు ఇస్తున్నారో తలుచుకుంటే బాధేస్తుంది.

అయినా మీ మాట చెప్పుకునే దారి ఉంది. 2016లో చట్టాన్ని సవరించి, అద్దెదారుల వాదన వినే అధికారాన్ని రుణ వసూళ్ల ట్రైబ్యునల్‌కు ఇచ్చారు. మీకు అది హైదరాబాద్‌లో ఉంటుంది. బ్యాంకు స్వాధీనం చేసుకున్న తేదీ నుంచి 45 రోజుల్లో వెళ్లాలి. కాబట్టి ఈ వారంలోనే లాయర్‌ను కలవండి. అగ్రిమెంటు, అద్దె కట్టిన బ్యాంకు స్టేట్‌మెంట్లు, కరెంటు బిల్లులు, ట్రేడ్ లైసెన్సు తీసుకెళ్లండి. కేసు గెలవకపోయినా, ఖాళీ చేయడానికి కొంత టైమ్ అడిగే వీలుంటుంది.

ఓనర్‌తో రాతపూర్వక ఒప్పందం లేకుండా అద్దె ఆపొద్దు. ఆపితే బాకీదారు అన్న మచ్చ మీ మీద పడుతుంది. నగదు ఇవ్వకుండా ఓనర్ ఖాతాకే ఆన్‌లైన్‌లోనో, చెక్కుతోనో పంపండి. అద్దె ఇకపై మాకే కట్టండని బ్యాంకు రాతపూర్వకంగా అడిగితే వాళ్లకే కట్టి రసీదు తీసుకోండి. అలా కట్టిన నెల అద్దెను ఓనర్ మళ్లీ అడగడానికి లేదు.

అడ్వాన్సు దగ్గరే నాకు ఎక్కువ దిగులుగా ఉంది. ఆ మూడు లక్షలు మీకు బాకీ ఉన్నది ఓనర్, బ్యాంకు కాదు. వేలంలో కొన్నవాళ్లు మాకు సంబంధం లేదంటారు. అప్పుడు సివిల్ కోర్టులో దావా వేసి, అప్పటికే అప్పుల్లో ఉన్న మనిషి దగ్గర వసూలు చేసుకోవాలి. అందుకే ఇప్పుడే ఓనర్‌తో కూర్చుని, అడ్వాన్సును నెలనెలా అద్దెలో పట్టుకుంటామని ఉత్తరం రాసి ఆయన సంతకం తీసుకోండి. మూడు లక్షలంటే దాదాపు 17 నెలల అద్దె. బ్యాంకు అద్దె అడగకముందే ఈ పని జరగాలి, ఆ ఉత్తరం ముసాయిదాను లాయర్‌కు చూపించండి. అంతేగానీ ఓనర్ ‘పాత తేదీతో కొత్త లీజు రాసిస్తాను’ అంటే మాత్రం ఒప్పుకోకండి. డిమాండ్ నోటీసు అందాక బ్యాంకు రాతపూర్వక అనుమతి లేకుండా ఓనర్ లీజు ఇవ్వకూడదు. పాత తేదీ వేసి దాన్ని దాస్తే మీరూ చిక్కుల్లో పడతారు.

ఓనర్ సెటిల్‌మెంట్ ప్రయత్నంలో ఉన్నారేమో కూడా అడగండి. వేలం ప్రకటన వెలువడేలోగా బాకీ మొత్తం కట్టేస్తే ఆస్తి ఆయనకే ఉంటుంది, మీ షాపూ కదలదు.

వేలంలో మీరే కొనేయండని ఎవరైనా అంటే తొందరపడకండి. పాట గెలిస్తే ఆ రోజే, లేదా మర్నాటి పనిదినానికల్లా 25 శాతం కట్టాలి. మిగతాది మామూలుగా 15 రోజుల్లో. చేతిలో రెండున్నర లక్షలతో ఆ పని జరగదు.

ఆ డబ్బును ఎఫ్‌డీలోనో, లిక్విడ్ ఫండ్‌లోనో ఉంచండి. కొత్త మడిగె అడ్వాన్సు, బోర్డు, వైరింగ్, ఒకటి రెండు నెలలు తగ్గే గిరాకీ అన్నీ అందులోంచే వెళ్లాలి. దగ్గర్లోనే చూడండి, మీ కస్టమర్లు నడిచి వచ్చేవాళ్లే కదా. ఈసారి మాట్లాడుకునే ముందు ఆ ఆస్తికి ఈసీ, అంటే రిజిస్ట్రేషన్ ఆఫీసు ఇచ్చే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్, తీయించండి. టైటిల్ పత్రాలు డిపాజిట్ చేసి తీసుకున్న అప్పు రిజిస్టర్ అయి ఉంటే అందులో కనిపిస్తుంది. అందులో కనిపించని తాకట్టు ఉందేమోనని, బ్యాంకు తాకట్టులు నమోదయ్యే కేంద్ర రిజిస్ట్రీ ‘సెర్సాయ్’ వెబ్‌సైట్‌లో కొద్దిపాటి ఫీజు కట్టి వెతకొచ్చు. ఆ రెండూ చూశాకే, రిజిస్టర్డ్ లీజుకు ఒప్పుకున్న ఓనర్‌కే అడ్వాన్సు ఇవ్వండి.