లిబర్టీ బెల్: స్వాతంత్ర్య గంటా, స్వేచ్ఛాఘంటా?

సందేహం: మా అమ్మాయి దగ్గరికి అమెరికా వెళ్లినప్పుడు ఫిలడెల్ఫియాలో లిబర్టీ బెల్ చూశాం. మా విశ్రాంత ఉద్యోగుల సంఘం సంచికకు దాని మీద వ్యాసం రాద్దామని కూర్చుంటే పేరు దగ్గరే ఆగిపోయాను. ‘స్వాతంత్ర్య గంట’ అనాలా, ‘స్వేచ్ఛా గంట’ అనాలా? గంట సరైనదా, ఘంట సరైనదా? మన సాహిత్యంలో గంటకూ స్వేచ్ఛకూ సంబంధం ఏమైనా ఉందా? ‘లెట్ ఫ్రీడమ్ రింగ్’ అనే మాటను తెలుగులో ఎలా చెప్పాలి? చివరగా, ‘స్వాతంత్ర్యం’లో వత్తులు ఏ వరుసలో రాయాలి? (ఒంగోలు నుంచి ఒక పాఠకుడు)

సమాధానం: తేలికైనది ముందు తేల్చేద్దాం. ఘంట సంస్కృత రూపం, గంట దాని వికృతి. రెండూ ఒప్పే. ఒత్తి పలికేవాళ్లు ఇప్పుడు దాదాపు లేరు. గుడిగంట, బడిగంట, చేగంట అన్నీ ఒత్తు లేకుండానే నడుస్తున్నాయి. జేగంట కూడా ‘జయఘంట’ అరిగి అరిగి వచ్చిందే. పేచీ అంతా సమాసంలో వస్తుంది. ‘స్వేచ్ఛా’ అని దీర్ఘం పెట్టారంటే సంస్కృత సమాసంలోకి దిగినట్టే కాబట్టి రెండో మాట కూడా ఆ రూపంలోనే ఉండాలి: స్వేచ్ఛాఘంట. గంటే కావాలనుకుంటే దీర్ఘం తీసేసి ‘స్వేచ్ఛ గంట’ అనాలి. ‘స్వేచ్ఛా గంట’ అంటే రెండు పడవల మీద కాళ్లు పెట్టడమే. పత్రికల్లో అదే ఎక్కువ కనిపిస్తుందని నాకూ తెలుసు. వాడినవాళ్లతో గొడవకు దిగను గానీ, అడిగారు కాబట్టి వద్దంటాను.

ఇక స్వాతంత్ర్యమా, స్వేచ్ఛా అన్న ప్రశ్న. ఇది నిఘంటువు తిరగేస్తే తేలదు. ఆ గంటకు ఆ పేరు ఎవరు, ఎందుకు పెట్టారో చూడాలి. 1776 జులై 4న అమెరికా స్వాతంత్ర్య ప్రకటన వెలువడగానే ఈ గంట మోగిందని, అందుకే ఆ పేరొచ్చిందని చాలామంది అనుకుంటారు. ఆ రోజున అది మోగలేదు. 1847లో జార్జ్ లిపార్డ్ అనే రచయిత ఒక కథలో ముసలి గంటకాపరిని, కబురు తెచ్చే పిల్లవాణ్ని కల్పించి ఆ రోజు గంట మోగించాడు. ఆ కథే జనం నోట చరిత్ర అయి కూర్చుంది. ప్రకటనను బహిరంగంగా చదివి వినిపించింది జులై 8న. ఆ రోజు ఊళ్లో గంటలు మోగాయి.

గంట మాత్రం అంతకంటే పాతది. పెన్సిల్వేనియా శాసనసభ 1751లో తమ భవనం కోసం లండన్‌లోని వైట్‌చాపెల్ పోతశాలకు ఆర్డరిచ్చింది. 1752లో వచ్చింది, పరీక్షకు కొట్టిన మొదటి దెబ్బకే బీటవారింది. పాస్, స్టో అనే స్థానిక లోహకారులు దాన్ని కరిగించి 1753లో రెండుసార్లు తిరిగి పోతపోశారు. తూకం సుమారు 940 కిలోలు. చాలాకాలం దాని పేరు ‘స్టేట్ హౌస్ గంట’ మాత్రమే. దాని మీద బైబిల్‌లోని లేవీయకాండం 25వ అధ్యాయం, 10వ వచనం చెక్కి ఉంది. బానిసత్వాన్ని రద్దు చేయాలని పోరాడినవాళ్లు 1830ల్లో ఆ వచనాన్ని పట్టుకున్నారు. దేశంలోని నివాసులందరికీ లిబర్టీ చాటమని రాసి ఉన్న గంట మోగుతుంటే, అదే దేశంలో లక్షల మంది సంకెళ్లలో ఉన్నారే అని నిలదీశారు. ‘లిబర్టీ బెల్’ అన్న పేరు వాళ్ల కరపత్రాల్లోంచి వచ్చింది. ఆ గంటను ఉంచిన భవనాన్ని ఆనుకునే, జార్జ్ వాషింగ్టన్ అధ్యక్షుడిగా ఉన్న ఇంటి స్థలం ఉంది. ఆ ఇంట్లో ఆయన బానిసలు పనిచేశారు. మీరు అక్కడికి వెళ్లారు కాబట్టి చూసే ఉంటారు.

కాబట్టి ఆ పేరులోని లిబర్టీ ఒక దేశం మరో దేశం చేతిలోంచి బయటపడడం కాదు, మనిషి మనిషి చేతిలోంచి బయటపడడం. ఇందుకు మన తెలుగు బైబిల్ అనువాదంలోనే మంచి ఆధారం ఉంది. ఆ వచనంలో వాళ్లు స్వాతంత్ర్యం అనలేదు, స్వేచ్ఛ అని కూడా అనలేదు. ‘విడుదల’ అన్నారు, దాన్ని ‘చాటింపవలెను’ అన్నారు. యాభై ఏళ్లకోసారి బానిసలు తమ కుటుంబాలకు తిరిగి వెళ్లిపోయే ఆ ఏడాదికి ‘సునాద సంవత్సరం’ అని పేరు పెట్టారు. మూలంలో ఆ నాదం కొమ్ముబూరది, గంటది కాదు. ఎంత చక్కని అనువాదమో చూడండి. ‘విడుదల గంట’ అన్నా నాకు ఇష్టమే గానీ, జైల్లో గంట అనుకుంటారేమోనని మీకు సిఫారసు చేయడం లేదు. స్వేచ్ఛాఘంట అనండి.

ఇక్కడ ఒక చిక్కు లేకపోలేదు. సంస్కృతంలో స్వాతంత్ర్యం మొదట దేశానికి సంబంధించిన మాట కాదు, మనిషికి సంబంధించినదే. ‘న స్త్రీ స్వాతంత్ర్యమర్హతి’ అని మనుస్మృతి అన్నది ఆ అర్థంలోనే. జాతీయోద్యమ కాలంలో మనం దాన్ని దేశానికి కట్టబెట్టాం. ఇప్పుడు తెలుగువాళ్లకు ఆ మాట వినగానే 1947 ఆగస్టు 15 గుర్తొస్తుంది. వాడుక అలా మారాక వెనక్కి తిప్పలేం. మనువు మాట ఎలాగూ వచ్చింది కాబట్టి మరో గంట సంగతి చెప్పాలి. 1915లో పెన్సిల్వేనియా మహిళలు ఓటు హక్కు ఉద్యమం కోసం లిబర్టీ బెల్‌కు నకలు పోతపోయించారు. దాని నాలుకను గొలుసుతో కట్టేసి, లారీ మీద ఊరూరా తిప్పారు. ఆడవాళ్లకు ఓటు వచ్చేదాకా అది మోగకూడదని పంతం. 1920లో రాజ్యాంగ సవరణ వచ్చాక, ఆ సెప్టెంబరులో గొలుసు విప్పి మోగించారు. గంటల చరిత్రలో నాకు బాగా నచ్చిన ఘట్టం ఇదే.

స్వాతంత్ర్య గంట అని నిజంగా పిలవదగ్గది మెక్సికోలో ఉంది. 1810 సెప్టెంబరు 16 తెల్లవారుజామున దొలోరెస్ అనే ఊళ్లో మిగెల్ ఇదాల్గో అనే ఫాదిరీ చర్చి గంట కొట్టించి, జనాన్ని పోగుచేసి, స్పెయిన్ పాలన మీద తిరుగుబాటు ప్రకటించాడు. 1896లో ఆ గంటను రాజధానికి తెచ్చి అధ్యక్ష భవనం మీద వేలాడదీశారు. ఇప్పటికీ ఏటా సెప్టెంబరు 15 రాత్రి దేశాధ్యక్షులు దాన్ని మోగిస్తారు. క్యూబాలోని లా దెమహాగ్వా గంటకు రెండు పేర్లూ నప్పుతాయి. అది ఒక చెరకు మిల్లులో బానిసలను పనికి పిలిచే గంట. 1868 అక్టోబరు 10న మిల్లు యజమాని కార్లోస్ మాన్వెల్ దె సెస్పెదెస్ అదే గంట కొట్టించి, వచ్చి నిలబడ్డవాళ్లతో ఇక మీరు బానిసలు కారన్నాడు. ఆ పూటే స్పెయిన్ మీద యుద్ధం మొదలుపెట్టాడు. నిన్నటిదాకా అది మోగితే కొడవలి పట్టుకుని పరిగెత్తిన మనుషులు ఆ రోజు అదే మోత విన్నారు. గంటలో మారిందేమీ లేదు. తాడు ఎవరి చేతిలో ఉందన్నదే లెక్క.

ఈ లెక్క రష్యా పాలకులకు బాగా తెలుసు. నోవ్‌గొరోద్‌లో జనం సభ కూడాలంటే ‘వేచే’ గంట మోగేది. 1478లో మూడో ఇవాన్ ఆ నగరాన్ని లొంగదీసుకుని గంటను మాస్కో పట్టించుకుపోయాడు. 1591లో ఉగ్లిచ్‌లో చిన్న రాకుమారుడు చనిపోయినప్పుడు గంట మోగింది, జనం తిరగబడ్డారు. దాంతో గంటకే శిక్ష వేశారు. కొరడాలతో కొట్టించి, నాలుక పీకి, సైబీరియాలోని తబోల్స్క్‌కు ప్రవాసం పంపారు. అది తిరిగి సొంత ఊరు చేరింది 1892లో. 1857లో లండన్ నుంచి అలెగ్జాండర్ హెర్జెన్ జారు వ్యతిరేక పత్రిక పెడుతూ దానికి ‘కొలొకొల్’, అంటే గంట, అని పేరు పెట్టడం వెనక ఆ వేచే గంట జ్ఞాపకం ఉంది. రైతులకు దొరల నుంచి, మాటకు సెన్సారు నుంచి, ఒంటికి దెబ్బల నుంచి విముక్తి కావాలన్నది ఆ పత్రిక డిమాండు. అయితే కవులందరూ గంటను చూసి సంబరపడలేదు. జర్మన్ కవి షిల్లర్ 1799లో రాసిన గంట గీతంలో ‘స్వేచ్ఛ, సమానత్వం’ అన్న కేకలతో గుంపు గంట తాడు లాగే దృశ్యం ఉంది. ఫ్రెంచి విప్లవం చూసి బెదిరినవాడి పద్యం అది.

మన దగ్గరికి వస్తే, గంట న్యాయానికి సంబంధించింది. తమిళంలో మనునీతి చోళుడి కథ ఉంది. రాకుమారుడి రథం కింద దూడను పోగొట్టుకున్న ఆవు రాజద్వారం దగ్గర గంట కొడితే, రాజు తన కొడుకునే శిక్షించాడు. తమిళ కావ్యం చిలప్పదికారంలో కథానాయిక కణ్ణగి పాండ్యరాజు ముందు ఈ కథనే గుర్తుచేస్తుంది. జహంగీరు గద్దెనెక్కగానే ఆగ్రా కోట నుంచి యమున ఒడ్డుకు 30 గజాల బంగారు గొలుసు వేలాడదీయించానని, దానికి 60 గంటలు కట్టించానని తన స్వీయచరిత్రలో రాసుకున్నాడు. మన చిన్నప్పటి ధర్మగంట కథలదీ ఇదే దారి. ఈ కథల్లో రాజు గంట కడతాడు, ప్రజ కొడుతుంది, తీర్పు మళ్లీ రాజే చెప్తాడు. న్యాయం అడగడానికి గంట ఉంది గానీ, రాజే వద్దనడానికి లేదు. ఇక ఏదైనా ఊరంతటికీ తెలియజేయాలంటే మనకు డప్పు, టముకు ఉన్నాయి. దండోరా, చాటింపు అన్న మాటలు అక్కడివే. ఇవాళ్టి పత్రికల్లోనూ ఎన్నికలకు నగారా మోగుతుంది, పోరాటానికి శంఖం పూరిస్తారు. గంటకు మిగిలినవి ప్రమాద ఘంటికలు, మృత్యుఘంటికలు. ఘంటిక అంటే నిజానికి చిన్న గంట. అంత ప్రమాదానికి చిరుగంట ఎందుకో నాకెప్పుడూ బోధపడలేదు.

‘ఘంటాపథంగా చెప్పాడు’ అన్న వాడుక కూడా ఉంది కదా అంటారేమో. సంస్కృతంలో ఘంటాపథం అంటే గంటలు కట్టిన ఏనుగులు నడిచే రాజమార్గం. మన మెదక్ ప్రాంతపు కోలాచలం మల్లినాథ సూరి కిరాతార్జునీయానికి రాసిన వ్యాఖ్యకు ఆ పేరే పెట్టాడు, కష్టమైన కావ్యంలోకి ఇది పెద్దబాట అన్న అర్థంలో. తెలుగులో అది గట్టిగా నొక్కిచెప్పడమైంది. ఇందులోనూ స్వేచ్ఛ జాడ లేదు. ఆధునిక కవిత్వంలో శ్రీశ్రీ ‘మహాప్రస్థానం’లో ‘గంటలు’ అనే గేయం ఉంది. పట్టణాల్లో, పల్లెటూళ్లలో, ఎడారుల్లో, సముద్రంలో గంటలు మోగుతాయి.  మీ వ్యాసానికి తెలుగు సాహిత్యంలోంచి ఉదాహరణ కావాలంటే దాన్ని తీసుకోండి.

‘లెట్ ఫ్రీడమ్ రింగ్’ 1831 నాటి ఒక అమెరికన్ దేశభక్తి గీతంలోని మాట. 1963 ఆగస్టు 28న మార్టిన్ లూథర్ కింగ్ వాషింగ్టన్ సభలో దాన్ని అందుకుని, ఒక్కో రాష్ట్రంలోని కొండ పేరూ చెప్తూ మళ్లీమళ్లీ అన్నారు. ‘స్వేచ్ఛను మోగనివ్వండి’ అని అనువదిస్తే ఎవరినో పర్మిషన్ అడిగినట్టుంటుంది. పైగా తెలుగులో స్వేచ్ఛ దానంతటది మోగదు. కానీ పేరు, నినాదం మారుమోగుతాయి. మారుమోగడంలో ప్రతిధ్వని ఉంది, ప్రతిధ్వనికి కొండలు కావాలి, కింగ్ పిలిచింది కొండలనే. ‘స్వేచ్ఛానాదం మారుమోగాలి’ అనండి. గంభీరంగా కావాలంటే ‘మారుమోగుగాక’ అన్నా బాగుంటుంది.

చివరి సందేహం. స్వతంత్ర అన్న మాటకు చివర య చేరింది. తకారం కింద ముందు ర, ఆ తర్వాత య రావాలి: స్వాతంత్ర్యం. అచ్చులో తరచూ కనిపించే ‘స్వాతంత్య్రం’లో ఆ రెండూ తారుమారయ్యాయి. మాట్లాడేటప్పుడు ‘స్వాతంత్రం’ అని య ఎగరగొట్టేస్తాం, దానికి ఇబ్బంది లేదు. డీటీపీలో ఫాంటు మారినప్పుడు ఈ వత్తులు మళ్లీ అటూ ఇటూ అవుతుంటాయి కాబట్టి సంచిక ప్రూఫు ఒకసారి మీరే చూసుకోండి.