ఎమ్మెస్ వద్దు, హిస్టరీలో పీహెచ్‌డీ చేస్తానంటోంది

ప్రశ్న: మా అమ్మాయి బీటెక్ అయ్యాక మా మాట వినకుండా ఎం.ఏ. హిస్టరీ చేసింది. ఇప్పుడు అమెరికాలో పీహెచ్‌డీ చేస్తుందట. 1600ల్లో అక్కడి ఊళ్లలో పెద్దరికం ఎవరి చేతుల్లో ఉండేదన్నది అంశం. ఆ పాత పంచాయతీల గొడవ ఎవరికి కావాలి? డేటా సైన్స్‌లో ఎమ్మెస్ మేలు కదా, రెండూ పోల్చి చెప్పండి. చుట్టాలు అడిగితే ఏం చెప్పాలో తోచడం లేదు.
– ఒక తండ్రి, ఖమ్మం

జవాబు: మీ ఉత్తరంలో ఆఖరి వాక్యమే నా కళ్లకు ముందు పడింది. ఇలాంటి ఉత్తరాలు ఏటా వస్తుంటాయి, సబ్జెక్టు మారుతుందంతే. అమ్మాయి ఏం చదవాలనుకుంటోందో ఒక్కసారైనా కూర్చోబెట్టి అడిగారా?

మసాచుసెట్స్‌లో డెడ్‌హామ్ అనే ఊరు 1636లో పుట్టింది. భూముల పంపకం, బాటలు, పన్నులు చూడటానికి ఊరి సభ ‘సెలెక్ట్‌మెన్’ అనే పెద్దల్ని ఎన్నుకునేది. ఆ కాలపు ఊళ్లలో కంచెలు చూసేందుకు, తిరుగుబోతు పందుల్ని పట్టేందుకు కూడా మనుషులుండేవారు. మన బందెలదొడ్డి లాంటిదీ ఉండేది. ఎన్నికలు జరుగుతున్నా తొలి దశాబ్దాల్లో తిరిగి తిరిగి ఆ కొద్దిమందే పెద్దలయ్యేవారు. ఎందుకని? ఆస్తా, చర్చిలో పరపతా, జనం నమ్మకమా? సభ మినిట్సు, పన్నుల జాబితాలు, వీలునామాలు పక్కపక్కన పెట్టుకుని ఒక్కో పేరునూ వెతకాలి. ఆనాటి చేతిరాత చదవడమే ఒక విద్య. అదే రాష్ట్రంలోని సడ్‌బరీ ఊరు ఎలా ఏర్పడిందో చెప్పిన పుస్తకానికి 1964లో పులిట్జర్ బహుమతి వచ్చింది. మీరు తీసిపారేసిన పంచాయతీల గొడవ ఇదేనండీ.

ఎమ్మెస్ మీద నాకు అనుమానాలు పెరుగుతున్నాయి. స్టెమ్ (సైన్స్, టెక్నాలజీ, ఇంజనీరింగ్, మ్యాథ్స్) డిగ్రీకి ఓపీటీ, అంటే చదువయ్యాక అక్కడ పనిచేసే అనుమతి, మూడేళ్లు, హిస్టరీకి ఒక్క ఏడాదే. ఈ తేడా దాచను. ఆపైన మాత్రం హెచ్1బీ ఉద్యోగ వీసా లాటరీయే దిక్కు. ఇష్టంలేని కోర్సులోకి పిల్లను తోసి, లక్షల అప్పు నెత్తిన పెట్టి పంపడం ప్రేమ అనిపించుకోదు. మీ భయం అర్థమవుతుంది, కానీ దాని వాయిదాలు ఆమె కట్టాలా?

పీహెచ్‌డీకి ఆరేడేళ్లు పడుతుంది, ప్రొఫెసర్ ఉద్యోగాలు చాలా తక్కువ. అందుకే ఫీజు మాఫీ, స్టైపెండ్ కాగితం మీద లేకపోతే వెళ్లొద్దనండి. అక్కడ పీహెచ్‌డీ అయినవాళ్లు ఇప్పుడు ఏం చేస్తున్నారో డిపార్టుమెంటునే అడగమనండి. ఆర్కైవ్స్, మ్యూజియంలు కూడా దారులే. బీటెక్ వృథా పోలేదు, ఆ పన్నుల జాబితాలను డేటాబేస్‌గా పేర్చడానికి పనికొస్తుంది. ధైర్యంగా ఉండండి, మీ అమ్మాయి దారి తప్పలేదు.

దరఖాస్తుల గడువు చాలాచోట్ల డిసెంబరే. ఏం చదవాలనుకుంటోందో, ఎందుకో చెప్పే వ్యాసం (ఎస్ఓపీ) ఇప్పుడే మొదలుపెట్టమనండి. మొదటి డ్రాఫ్టు మీకే చదివి వినిపించమనండి. అది వింటే చుట్టాలకు ఏం చెప్పాలో మీకే తెలుస్తుంది.